రెప్ప మందం

మా ఆవిడను వర్క్‌షాపులో అందరూ సూదమ్మ అంటారు. సినిమాల కోసం మేం తయారుచేసే మృగాలకు సిలికాన్ తోలు పోసేది, అందులో సూదితో ఒక్కో వెంట్రుకా నాటేది ఆమే. నోరు కూడా తక్కువదేం కాదు.

పెళ్ళైన కొత్తలో నా పక్కన కూర్చుని పని నేర్చుకుంది. నేను అచ్చులు చేస్తాను. ఏడాది తిరిగేసరికి నన్ను మించిపోయింది. ఎవరొచ్చినా ఆమె చేతిపని చూసి ముక్కున వేలేసుకునేవారు. ఆ తర్వాత మా తమ్ముడి పెళ్ళయింది. మా మరదలు పుర్రె లోపల మోటార్లు బిగిస్తుంది, రిమోట్‌తో కళ్ళు తిప్పుతుంది, రెప్పలు ఆర్పిస్తుంది. కదిలేదాని మీదికే కదా చూపు పోతుంది! వచ్చినవాళ్ళంతా ఆ కళ్ళ ముందే నిలబడిపోయేవారు. మా ఆవిడ కడుపు ఉడికిపోయేది.

"నెలల తరబడి మెడ విరగ్గొట్టుకుని నేను నాటాలి, రెండు బటన్లు నొక్కేసి మహారాణి పేరు కొట్టేయాలి," అనేది భోజనాల దగ్గర.

ఈమధ్య ఒక సినిమాలో ముసలి మృగం చచ్చిపోయే దృశ్యం మా చేతికి వచ్చింది. తెర నిండా ఒక్క కన్నే. అది మెల్లగా మూతపడాలి.

"అక్కా, రెప్ప దగ్గర తోలు ఉల్లిపొరంత ఉంటే చాలు. మందమైతే మోటారు లాగలేదు," అంది మరదలు.

"నాకు నేర్పుతున్నావా?" అంది మా ఆవిడ.

పొర పల్చనైతే ముడతలు కనబడవు. తెర నిండా కన్ను పడే ఒకే ఒక్క షాట్‌లో తన పని కనబడకపోవడమా? పైగా రెప్ప మొరాయిస్తే పరువు పోయేది ఎవరిదో ఆమెకు తెలుసు. ముడత మీద ముడత పెట్టి దట్టంగా పోసింది. షూటింగ్ రోజు దాకా అంటించలేదు, మరదలికి సరిచూసుకునే వ్యవధి ఇవ్వలేదు.

కెమెరా తిరిగింది. రెప్ప సగం దిగి ఆగిపోయింది. వణికింది, మళ్ళీ దిగబోయింది, దిగలేకపోయింది. మరదలి ముఖం పాలిపోయింది. మా ఆవిడ పెదవి బిగించింది గానీ, లోపలి సంబరం నాకు తెలియనిదా!

దర్శకుడు లేచి నిలబడ్డాడు. కళ్ళల్లో నీళ్ళు.

"ఇదే నాక్కావాల్సింది! చావడం ఇష్టం లేనట్టే ఉంది. ఎలా చేశావమ్మా?" అన్నాడు మరదలితో. సెట్‌లో చప్పట్లు మోగాయి.

మా ఆవిడ ముఖంలో నెత్తురు చుక్క లేదు. అది నా తోలు అని అరవాలి. అరిస్తే, అంత మందం ఎందుకు పోసిందో చెప్పాలి.

మరదలు ఒక్కసారి ఇటు చూసింది. "నేనేం చేయలేదు సార్. రెప్పకి ఆ బరువు పెట్టింది మా అక్క," అంది.

చప్పట్లు ఇటు తిరిగాయి. దర్శకుడు వచ్చి మా ఆవిడ రెండు చేతులూ పట్టుకుని మెచ్చుకున్నాడు. ఇన్నేళ్ళూ ఆమె కోరుకున్నది అదే.

ఇంటికి వచ్చాం. తాళం తీస్తూ గుమ్మంలో ఆగింది.

"చూశారా దాని తెలివి?" అంది. "ఆఖరికి మంచితనం కూడా అదే కొట్టేసింది."