పదమూడో అమ్మాయికి చాయ్

మా సర్ జట్టును ప్రకటించడానికి నోరు వాడేవాడు కాదు. బాస్కెట్‌బాల్ కోర్టు మధ్యలో మమ్మల్ని వరుసగా నిలబెట్టి, భుజానికున్న సంచిలోంచి జెర్సీలు తీసి ఒక్కొక్కరి మీదికి విసిరేవాడు. పట్టుకున్నవాళ్ళు జట్టు. సంచి ఖాళీ అయ్యేసరికి ఉత్త చేతులతో మిగిలినవాళ్ళు ఇంటికి. రాష్ట్ర జట్టు ఎంపిక రోజున పన్నెండో జెర్సీ నా వైపే వస్తున్నట్టు కనిపించింది. రెండు చేతులూ చాచాను. అది నా పక్కనున్న అమ్మాయి ముఖానికి తగిలింది. చాచిన చేతులను ఏం చేసుకోవాలో తెలియక అలాగే పైకెత్తి ఒళ్ళు విరుచుకున్నాను. ఎవరైనా అడిగితే వార్మప్ అని చెబుదామనుకున్నాను. ఎవరూ అడగలేదు.

ఆ తర్వాత నేనేమీ చచ్చిపోలేదు. బస్సెక్కి మౌలాలిలో మా రైల్వే క్వార్టర్‌కి వెళ్ళి మారు వడ్డించుకుని మరీ అన్నం తిన్నాను. "ఏమైందే?" అని అమ్మ అడిగితే, "ఎత్తు సరిపోలేదంట" అన్నాను. అమ్మ నాన్న వైపు చూసింది. ఆయన పేపరు ఇంకాస్త పైకెత్తుకుని దాని వెనక్కి వెళ్ళిపోయాడు. ఆయన ఎత్తుకు ఆ పేపరు చాలా ఎక్కువ.

మోకాలు దెబ్బతిని ఆట ఆగిపోయిందంటే జనం గౌరవంగా చూస్తారు. అందుకే ఎక్కడ దెబ్బతిన్నదో మామూలుగా ఎవరికీ చెప్పను. మారేడ్‌పల్లి కూరగాయల మార్కెట్ ముందు, స్కూటీకి పెద్ద స్టాండు వేస్తుంటే మెలిక పడింది. పదేళ్ళు కోర్టులో ఎగిరి దూకినా ఏమీ కాని మోకాలు అది. సొరకాయ కోసం పోయింది.

మోకాలు పోయాక వ్యాయామ విద్యలో డిగ్రీ చేసి, సికింద్రాబాద్‌లోనే ఒక ఆడపిల్లల కాలేజీలో కాంట్రాక్టు మీద ఫిజికల్ డైరెక్టర్‌గా చేరాను. డైరెక్టర్ అన్నారు కాబట్టి గది కూడా ఇచ్చారు. మెట్ల కింద. లోపలికి వెళ్ళాలంటే మిగతావాళ్ళందరూ వంగాలి. నా ఎత్తు నాకు పనికొచ్చింది అక్కడొక్కచోటే.

చేరిన రోజే ఒక నిర్ణయం తీసుకున్నాను. నేను జెర్సీలు విసరను. ఎవరినైనా తీసేయాల్సివస్తే పక్కకు పిలిచి, కూర్చోబెట్టి, ఎందుకో చెబుతాను. మనిషిలాగా. అప్పటికి నేను ఎవరినీ తీసేసి ఉండలేదు కాబట్టి ఆ నిర్ణయం చాలా సులువుగా వచ్చింది.

అంతర్ కళాశాలల పోటీలకు పన్నెండు పేర్లు పంపాలి. ప్రాక్టీసుకు పదమూడు మంది వచ్చేవారు.

పదమూడో అమ్మాయి బన్సీలాల్‌పేట్ నుంచి వచ్చేది. ఆరింటికి ప్రాక్టీసంటే ఐదున్నరకే వచ్చి కోర్టు మీది ఆకులు ఊడ్చేది. వాన పడితే నీళ్ళు తోసేది. బంతి చేతికొచ్చిందంటే మాత్రం అవతలి జట్టుకు పార్సెల్ అందినట్టే. బుట్ట దగ్గరికి పరిగెత్తి బంతి వేసే లేఅప్‌కి రెండడుగులే వేయాలి, ఆమె నాలుగు వేసేది. మూడు నెలలు నేర్పాను. మూడున్నర అడుగులకు వచ్చింది. ఎదుగుదల లేదని అనలేను.

"ఇంత పొద్దున్నే ఎందుకు వస్తావు?" అని ఒకసారి అడిగాను.

"మా మమ్మీ ఒక్క ఏడు టైమిచ్చింది మేడం. టిఫిన్ బండి ఉంది గద మాకు. టీంల పేరొస్తే ఆడుకో, లేకుంటే ఇగ పొద్దుగాల బండి కాడికే రావాలె అన్నది."

అంతవరకూ ఆ తల్లి ఒక్కతే పిండి రుబ్బుకుని, ఇడ్లీలు దించుకుని, ప్లేట్లు కడుక్కుంటోందన్నమాట. ఈ పిల్ల ఇక్కడ నాలుగో అడుగు మానేయడానికి.

పేర్లు పంపాల్సిన వారం వచ్చింది. నేను నా నిర్ణయం ప్రకారం ఆ అమ్మాయిని పక్కకు పిలిచాను. "శనివారం ప్రాక్టీసు లేదు. ఎనిమిదింటికి స్టేషన్ దగ్గరి ఇరానీ హోటల్‌కి రా. చాయ్ తాగుతూ మాట్లాడుకుందాం."

"నేనొక్కదాన్నేనా మేడం?"

"ఒక్కదానివే."

ఆమె ముఖం వెలిగిపోయింది. చాయ్ అంటే ఇష్టం కాబోలు అనుకున్నాను.

శనివారం ఇద్దరు వచ్చారు. తల్లి పెళ్ళిళ్ళకు కట్టే చీర కట్టుకుంది. తలలో మల్లెపూలు.

"నమస్తే మేడం. ఒక్కదాన్నే రమ్మన్నరంట గని నా పానం ఆగలె. ఒచ్చేసిన."

"మరి బండి?" అన్నాను.

"బంద్ వెట్టిన. మా అత్త పోయిన్నాడు బంద్ వెట్టిన, మల్ల ఇయ్యాలనే."

వరుసలో ఒక చావు తర్వాత నేను.

"పోయినేడు సుత కెప్టెనైన పిల్లను గీ హోటల్‌కే తోల్కొచ్చి చాయ్ తాగిపిచ్చిన్రంట గద. మా పిల్ల చెప్పింది."

"మమ్మీ, కెప్టెన్ అని నేనన్లే. టీంల ఉన్ననని చెప్పిన, అంతే," అని ఆ పిల్ల తల వంచుకుని నవ్వింది.

నాకంటే ముందు పనిచేసిన మేడం ఏటా కెప్టెన్ పేరును ఈ హోటల్లో, చాయ్ తాగిస్తూ చెప్పేదట. కాలేజీలో ఊడ్చే ఆయమ్మకు కూడా తెలిసిన సంగతి. తెలియనిది నాకొక్కదానికే.

నేను అద్దం ముందు నిలబడి ప్రసంగం తయారు చేసుకుని వచ్చాను. మొదటి వాక్యం, "నీ కష్టం నాకు తెలుసు." అది చెప్పాను. తల్లి కళ్ళు తుడుచుకుంది. రెండో వాక్యం 'కానీ'తో మొదలవ్వాలి. కొంగుతో కళ్ళు తుడుచుకుంటున్న మనిషి ముందు 'కానీ' అనడం ఎలాగో ఏ డిగ్రీలోనూ నేర్పరు.

"మంచిగ ఆడ్తదా మేడం?" అంది తల్లి.

"చాలా రెగ్యులర్" అన్నాను.

మా వృత్తిలో ఆ మాట ఎవరి గురించి అంటామంటే, ఇంకేమీ అనడానికి లేనివాళ్ళ గురించి. తల్లి అక్కడికక్కడే అక్కకు ఫోన్ చేసింది. "అక్కా, మేడం ముందలనే ఉన్న. రెగ్యులర్ అంటున్నరే. ఆ, మేడమే అన్నరు!" పక్క టేబుల్ దగ్గర సమోసా తింటున్న పెద్దమనిషి కూడా మెచ్చుకోలుగా మా వైపు చూశాడు. నిజానికి ఆ కాలేజీలో నేనే రెగ్యులర్ కాదు.

చెప్పడానికి నాకు మూడు చాయ్‌ల సమయం దొరికింది. మూడూ తాగాను. ఉస్మానియా బిస్కెట్టు ముంచితే విరిగి మునిగింది, దాన్ని చెంచాతో వెతకడానికి చాలాసేపు పట్టేలా చూసుకున్నాను. లేచేటప్పుడు తల్లి కూతురి వీపు మీద చెయ్యి వేసి, "ఇగ బండి సంగతి నువ్వు మర్చిపో బిడ్డా. నేను సూస్కుంట. నువ్వు ఆడుకో," అంది. నా వైపు తిరిగి, "అంతేనా మేడం?" అంది.

తలూపాను. ఒకసారి కాదు, రెండుసార్లు.

ఆ పిల్లనే పన్నెండో పేరుగా పెట్టి ఉండొచ్చు కదా అంటారేమో. పెట్టొచ్చు. కానీ పన్నెండో అమ్మాయికి బుట్టలో వేయడం వచ్చు, నాకేమో గెలవాలని ఉంది. తర్వాత మేం మొదటి మ్యాచ్‌లోనే ఓడిపోయాం. పన్నెండో అమ్మాయిని దింపే అవసరమే రాలేదు.

సోమవారం తొమ్మిదిన్నరకు, అందరూ క్లాసుల్లో ఉండగా, ప్రిన్సిపల్ సంతకం చేసిన కాగితాన్ని నోటీసు బోర్డుకు అంటించాను. విసరలేదు, జిగురు రాశాను. అదీ నా మానవత్వం. తర్వాత మెట్ల కింద గదిలోకి వెళ్ళి, బాగానే ఉన్న బంతులకు గాలి కొట్టడం మొదలుపెట్టాను.

పావుగంటకు ఆ పిల్ల వంగి లోపలికి వచ్చింది. ఏడుస్తుందేమోనని పక్కన నీళ్ళ సీసా పెట్టుకున్నాను. ఏడవలేదు. నీళ్ళు నేనే తాగాను.

"మేడం, లిస్టుల నా పేరు లేదు."

"అవును."

"రాసుడు మర్చిపోయిన్రా?"

తప్పించుకోమని నాకు దారి చూపిస్తోంది. పాసింగ్ అంటే అదీ. మూడు నెలల్లో ఆమె సరిగ్గా ఇచ్చిన మొదటి పాస్.

"మర్చిపోలేదు" అన్నాను.

"మల్ల శనివారం ఎందుకు పిలిచిన్రు?"

"అదే చెబుదామని. బాధపడకుండా ఉంటుందని."

"ఎవలు?" అంది.

చేతిలోని బంతికి ఇంకో రెండుసార్లు గాలి కొట్టాను.

"మా మమ్మీ రెండ్రోజుల సంది బండి కాడికి ఒచ్చినోళ్ళందరికి చెప్తుంది మేడం. ఇడ్లి కన్న ముందు గదే పెడ్తుంది. నేనైతే చెప్ప. మీరే చెప్పుండ్రి. మీ ఫోన్‌ల చెయ్యుండ్రి. స్పీకర్ పెట్టుండ్రి."

నంబరు ఒక్కో అంకె చెప్పింది. ఒక్కో అంకె నొక్కాను. తప్పు నొక్కుతానేమోనని తొంగి చూస్తూనే ఉంది. ఫోన్‌ను మా మధ్యనున్న చాపల కట్ట మీద పెట్టాను.

అవతల గరిటె చప్పుడు, జనం. "ఎవలు? అయ్యో మేడమా! చెప్పుండ్రి మేడం!"

ఒక్క ఊపిరిలో చెప్పేశాను. "అమ్మా, మీ అమ్మాయి జట్టులో లేదు. పన్నెండు మందినే తీసుకోవాలి. ఆట వాళ్ళకే బాగా వచ్చు. శనివారమే చెప్పాల్సింది, నోరు రాలేదు."

మూడు చాయ్‌ల పాటు చెప్పలేనిది, చెబితే ఇంతే ఉంది.

గరిటె ఆగింది. ఎవరో "అమ్మా, చట్నీ" అన్నారు. "ఆగు జెర," అంది వాళ్ళతో. తిడుతుందేమోనని ఎదురుచూశాను. తిడితే బాగుండేది. కానీ ఆమె గొంతు తగ్గించింది, పక్కనెవరూ వినకూడదన్నట్టు.

"మేడం, దానికింకా తెల్వదు గద?"

నేను ఆ పిల్ల వైపు చూశాను. ఆ పిల్ల ఫోన్ వైపు చూస్తోంది.

"జెర మీరు చెప్పకుండ్రి మేడం. మీరంటే దానికి పానం. మీ నోటి నుంచి ఇంటే తట్టుకోదు. ఇంటికొచ్చినంక నేనే మెల్లగ చెప్పుకుంట. అందాంక ఏం తెల్వనట్టు ఉండుండ్రి, మీకు దండం వెడ్త."

"సరేనమ్మా" అన్నాను.

ఫోన్ ఆగిపోయింది. ఆ పిల్ల పుస్తకాల సంచి భుజానికేసుకుంది. గుమ్మం దగ్గర వంగుతూ వంగుతూ ఆగింది.

"అయితే సాయంత్రం దాంక నాకు తెల్వదు మేడం," అని చెప్పి క్లాసుకు వెళ్ళిపోయింది.