రేనోకి గిట్టుబాటు అయ్యేదాకా

అమెరికాలోని డులూత్‌లో ముప్ఫై ఏళ్ళుగా స్కూలు బస్సు నడుపుతున్న ఇర్యా లాహ్తికి మంచు పేరుకున్న కొండవాలు రోడ్లంటే ఏనాడూ బెరుకు లేదు. అలాంటి మనిషికి ఆ జనవరిలో ఫోన్ ఎత్తాలంటే గుండెలు దడదడలాడాయి.

భర్త రేనో ఊపిరితిత్తుల్లో క్యాన్సర్‌తో మంచాన పడ్డాడు. ఇక నెలలు కావు, వారాలేనని డాక్టరమ్మ మొహం మీదే చెప్పేసింది. ఇర్యా బస్సు మీదుండే పొద్దుటి మూడు గంటలూ అతని పక్కన ఒక మనిషి ఉండాలి. బస్సు మానేద్దామా అంటే ఇద్దరి వైద్య బీమా ఆ ఉద్యోగం మీదే నడుస్తోంది.

మనుషుల్ని పంపే ఏజెన్సీ అమ్మాయి ఎంతో మర్యాదగా రెండు పద్ధతులు చెప్పింది. "ముందు ఏమీ కట్టకుండా గంటకి ముప్ఫై నాలుగు డాలర్లు ఇవ్వొచ్చు మేడమ్. లేదా ముందే నాలుగు వందల ఎనభై కట్టేస్తే గంటకి ఇరవై ఆరే. ఎక్కువ రోజులైతే రెండోదే లాభం. ఎన్నాళ్ళు కావాల్సి వస్తుందనుకుంటున్నారు?"

ఎంత మాట! ఆ పిల్లననేం లాభం, రోజూ అందరినీ అడిగేదే అడిగింది. ఇర్యా మాత్రం ఫోన్ పెట్టేసి వంటింట్లో కూలబడింది. గంటకి ఎనిమిది డాలర్లు మిగులు. కట్టింది రాబట్టుకోవాలంటే అరవై గంటలు, అంటే ఇరవై బడి రోజులు. డాక్టరమ్మ మాట నిజమైతే మొదటి పద్ధతే చవక. కానీ అది ఎంచుకుంటే నువ్వు ఇరవై రోజులుండవని మొగుడి మొహాన చెప్పినట్టే కదా! ఆ మాట నోటితో అంటే నిజమైపోతుందేమోనని వణికిపోయి, ఇర్యా నాలుగు వందల ఎనభై కట్టేసింది.

రేనో మండిపడ్డాడు. ఓడల్లోకి ఇనుప ఖనిజం ఎత్తే రేవులో ఒళ్ళు హూనం చేసుకున్న మనిషి. డబ్బు కట్టిన దేన్నీ వృథా పోనిచ్చే రకం కాదు. చేపలు పట్టే లైసెన్సుకి సొమ్ము పోశానని, జ్వరంతో కూడా గడ్డకట్టిన సరస్సు మీద గాలం వేసుకుని కూర్చున్న ఘనుడు.

"నీకు బుర్రుందా? వారాలే అన్నారుగా! నా మొహానికి నాలుగు వందల ఎనభయ్యా?"

"కట్టేశాను. ఇక నీ ఇష్టం ముసలోడా," అంది ఇర్యా.

ఆ మర్నాటి నుంచి రేనో మారిపోయాడు. ఏజెన్సీ పంపిన మావిస్ అనే ఆవిడ ఓట్స్ జావ పెడితే మొహం చిట్లించుకుంటూనే తాగేవాడు, మందులు మింగేవాడు. ఇర్యా మాత్రం పిల్లల్ని బడి దగ్గర దింపి ఇంటి మలుపు తిరిగే ప్రతిసారీ ఊపిరి బిగబట్టేది. వాకిట్లో మావిస్ కారు పక్కన, రేనోని తీసుకుపోవడానికి వచ్చిన ఇంకో బండి ఉందేమోనని చూడ్డానికే హడలు. లోపలికెళ్తే మంచం మీంచి కేక వినబడేది.

"ఇంకా పదకొండు రోజులు!"

డాక్టరమ్మ ఆశ్చర్యపోయింది. మందు పనిచేస్తోందంది. మందా, పాడా! ఏది పనిచేస్తోందో ఇర్యాకి తెలుసు.

పంతొమ్మిదో రోజున రేనో మొహంలో చాలాకాలానికి ప్రశాంతత కనిపించింది. "రేపటితో గిట్టుబాటైపోతుందే. ఇక మనకి నష్టం లేదు," అన్నాడు. గుండె మీంచి బరువు దింపుకున్నవాడిలా కళ్ళు మూసుకున్నాడు. సాయంత్రం జావ వద్దన్నాడు, మందూ వద్దన్నాడు. లెక్క తీరిపోతే ఇక ఆగడని ఇర్యాకి అర్థమైంది.

మర్నాడు ఆఖరి పిల్లాడు దిగగానే ఖాళీ బస్సులోంచి ఏజెన్సీకి ఫోన్ చేసింది.

"ఇంకా పెద్ద పద్ధతేమైనా ఉందా?"

"ఉంది మేడమ్. పన్నెండు వందలు కడితే గంటకి పద్దెనిమిదే. కానీ అది గిట్టాలంటే ఇంకో యాభై రోజులు పడుతుంది. ఆయన పరిస్థితి చూస్తే మీకు నష్టమేమో..."

"నష్టమే కావాలమ్మా నాకు!"

"వారంలోపు వద్దనుకుంటే తిరిగిచ్చేస్తాం లెండి," అంది ఆ అమ్మాయి.

ఇంటికొచ్చి చెప్పింది. రేనో లేవబోయాడు, లేవలేకపోయాడు.

"పన్నెండు వందలా! తిరిగిస్తారా?"

"ఇవ్వరు."

అతని పెదాలు కదిలాయి. లెక్క వేసుకుంటున్నాడు. "యాభై రోజులా... ఏప్రిల్ వచ్చేస్తుంది కదే."

"రానీ."

అతని కళ్ళ చివర్లు తడిశాయి. "నాకు ఓపిక లేదే, ఇర్యా," అన్నాడు.

పెళ్ళయిన ఇన్నేళ్ళలో అతని నోట ఆ మాట ఆమె వినలేదు. పోనీలే, డబ్బు వెనక్కి తీసుకుంటాలే, నువ్వు హాయిగా పడుకో అనాలి. ఆ మాట గొంతుదాకా వచ్చింది కూడా. రేపు మలుపు తిరిగితే వాకిట్లో రెండో బండి కనిపిస్తుందన్న భయం దాన్ని అక్కడే నొక్కేసింది.

"డబ్బు కట్టేశాను, రేనో," అంది.