పొద్దు వెంట తిరిగిన బడి

మొన్న మనవరాలి కాలేజీలో పెద్దల మీటింగుకని పటాన్‌చెరు వెళ్ళాను. హాల్లో ఉన్నట్టుండి కరెంటు పోయింది. ఫ్యాన్లు టకటకమంటూ నెమ్మదించి ఆగాయి. బయట జనరేటరు దగ్గుతూ లేచింది, డీజిలు వాసన గుప్పున కొట్టింది. అప్పటికే నేను కుర్చీ ఈడ్చుకుంటూ కిటికీ దగ్గరికి చేరిపోయాను. "తాతా, కూర్చోరాదూ! ఇప్పుడే వస్తది గదా," అని మనవరాలు సిగ్గుపడుతూ గొణిగింది. ఎట్లా కూర్చోను? నన్ను కుదురుగా కూర్చోనివ్వకుండా చేసి వెళ్ళిపోయిన మనిషి ఒకావిడ ఉంది. సత్యవతి గారు.

డెబ్బైల చివర, మా చుట్టూ ఫ్యాక్టరీ గొట్టాలు ఒక్కొక్కటే లేస్తున్న రోజుల్లో, భర్త ఉద్యోగం వెంట ఆమె కృష్ణా వైపు నుంచి వచ్చారు. వచ్చి ఊరుకోలేదు. మా పటేల్‌గూడ దారిలో ఒక మిద్దె ఇల్లు కిరాయికి తీసుకుని బడి పెట్టారు. నేను దానికి వైస్ ప్రిన్సిపాలును. అంటే, మేమున్నదే ముగ్గురం. నల్లబల్ల మోయగల భుజాలు నాకే ఉన్నాయి కనుక ఆ హోదా నాకు నేనే ఇచ్చుకున్నాను. లెక్కలు చెప్పేవాణ్ణి. ఆమె కుర్చీలో కూర్చోవడం నేనెరుగను. ఆ కుర్చీలో సుద్దముక్కల డబ్బా కూర్చునేది, ఆమె తిరుగుతూ ఉండేవారు.

పొద్దున పిల్లల బడి. మొదటి షిఫ్టు దిగాక, మధ్యాహ్నం మూడింటి నుంచి ఫ్యాక్టరీ కుర్రాళ్ళ బడి. మెట్రిక్ పాసైతే వాళ్ళు పర్మనెంటు, లేకపోతే జన్మంతా రోజుకూలీ హెల్పర్లు. వాళ్ళలో గుమ్మడిదల నుంచి సైకిలు మీద వచ్చే మల్లేశానికి ఆ మార్చి పరీక్షే గండం. ఈసారి గట్టెక్కకపోతే ఆ ఖాళీ ఇంకొకడికి పోతుందని సూపర్‌వైజరు చెప్పేశాడట.

సరిగ్గా ఆ చలికాలంలోనే మా కరెంటు బిల్లు దుకాణం రేటుతో వచ్చింది. ఆమె నన్ను వెంటబెట్టుకుని కరెంటు ఆఫీసుకు నడిచారు.

"ఫీజు తీస్కుంటున్రా అమ్మా?" అన్నాడు గుమాస్తా.

"తీసుకుంటున్నాం."

"సర్కారు బడి గాదు గదా?"

"కాదు."

"ఇగ దుకాణమే గదా!"

"దుకాణమైతే అప్పు లేదని బోర్డు పెట్టుకునేదాన్ని నాయనా. నా దగ్గర సగం మందిది అప్పే," అన్నారు ఆమె.

ఆమె పాత రేటు ప్రకారం కట్టి, మిగతాది కట్టనని సంగారెడ్డి కోర్టులో దావా వేశారు. మొదటి పేషీ రాకముందే కరెంటువాళ్ళు వచ్చి తీగ కోసేశారు. తీర్పు వచ్చేదాకా కరెంటు తిరిగి ఇప్పించాలని అర్జీ పెట్టిన మా వకీలు, "ఓపిక పట్టుర్రి" అన్నాడు. ఆమెకు రాని సబ్జెక్టు అదొక్కటే. మర్నాటి నుంచి సాయంత్రం బడి పొద్దు వెంట తిరగడం మొదలుపెట్టింది. మూడింటికి వెనక గది, అక్కడ నీడ పడగానే వరండా, ఆ తర్వాత పడమటి గోడ, చివరికి మిద్దె మీద. ప్రతిచోటికీ నల్లబల్ల నా నెత్తిన. "సారూ, గిది బడా, పెండ్లి బరాతా? ఒక్క తాన నిల్వదేంది!" అని మల్లేశం వెనకనుంచి దరువు వేసేవాడు. మిద్దె మీద అక్షరాలు మసకబారి, మేం పుస్తకాలు మూయబోతుంటే ఆమె ఆకాశం వంక చూసి, "ఇంకో లెక్క పడుతుంది" అనేవారు. నిజంగానే పట్టేది.

పేషీ రోజు నేను కోర్టులో లేచి, "హుజూర్! సరస్వతిని తూకం వేస్తారా?" అని గర్జించానని ఈ ప్రాంతంలో చాలామందికి చెప్పాను. గర్జించలేదు. వెనక బెంచీ మీద ఆమె టిఫిను క్యారియరు ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాను. అంతకుముందే వరండాలో మా వకీలు ఆమెను బతిమాలాడు. "చిన్నపిల్లల ముచ్చట ఒక్కటే చెప్పుర్రి అమ్మా. మీసాలొచ్చినోళ్ళ ఊసెత్తితే ట్యూషన్ల దందా అంటరు. ఎత్తకుంటే ఈ వారంలనే కరెంటు వస్తది."

బోనులో ఆమెను అవతలి వకీలు అడిగాడు. "సాయంత్రం కూడా పిల్లలే వస్తారా?"

నేను క్యారియరు గట్టిగా పట్టుకున్నాను.

"మీసాలున్న పిల్లలు వస్తారు."

కోర్టంతా నవ్వింది. "ఫీజు?"

"తీసుకుంటాం. ఊరికే చెబితే రావడం మానేస్తారు. అయినా, దుకాణంలో సరుకు అమ్మితే తరుగుతుంది. చదువు చెబితే తరగదండీ."

"అది పద్యంలో బాగుంటుందమ్మా, సాక్ష్యంలో కాదు," అన్నారు మున్సిఫు గారు, నవ్వకుండానే. మా అర్జీని తీర్పు దాకా పక్కన పెట్టారు.

బస్టాండుకు నడుస్తుంటే నాకు ఒళ్ళు మండిపోయింది. "ఒక్క మాట మింగితే దీపం వచ్చేది కదమ్మా! మల్లేశం గతేం కాను?"

ఆమె నడక ఆపలేదు. "మల్లేశం లేడని ఎలా చెప్పను మాస్టారూ? నిన్న సాయంత్రం ఉన్నాడు కదా."

ఆ ఏడు మా కుర్రాళ్ళంతా పాసయ్యారని చెప్పుకుంటుంటాను. మల్లేశం తప్పాడు. అదీ నా లెక్కల్లో. ఆ పర్మనెంటు ఇంకొకడికి పోయింది. తీర్పు ఆ తర్వాత వచ్చింది: పిల్లల బడికి బడి రేటు, సాయంత్రం బడికి వేరే మీటరు, దుకాణం రేటు. "సరే, దుకాణమే అననీండి. మూతపడే దుకాణం మాత్రం కాదు," అని ఆమె రెండో మీటరు పెట్టించారు. ఆమె చేసింది ఒప్పేనా అని నేను లోలోపల కొట్టుకుంటూనే ఉన్నాను. ఇప్పటికీ అంతే. ఆ మీటరు ఇంకా బిగించకముందే, తప్పాక రావడం మానేసిన మల్లేశం తల ఒక సాయంత్రం మిద్దె మెట్ల మీద కనిపించింది.

"అమ్మా, నా జాగ ఉన్నదా?"

"మాస్టారి నడుం పడిపోయేలా ఉంది. బల్ల ఆ చివర పట్టుకో," అన్నారు ఆమె, వెనక్కి తిరగకుండానే. మరుసటి మార్చిలో వాడు పాసయ్యాడు. పర్మనెంటు రావడానికి ఇంకా కొన్నేళ్ళు పట్టింది.

మొన్న కాలేజీలో కరెంటు వచ్చాక అందరూ దీపాల కిందికి సర్దుకున్నారు. నేను కిటికీ దగ్గరే ఉండిపోయాను. మీటింగు ముగిసి, హాలు ఖాళీ అయ్యాక మనవరాలు నా పక్కన పుస్తకం తెరిచి, ఒక లెక్క చెప్పించుకుని మూయబోయింది. "చీకటి పడ్తున్నది, పోదాం తాతా."

"ఇంకో లెక్క పడుతుంది," అన్నాను.

"మళ్ళా నీ డైలాగు!"

నలభై ఏళ్ళుగా అది నా మాటేనని శిష్యులందరినీ నమ్మించాను. నాది కాదు. పుస్తకం మళ్ళీ తెరిపించి, లెక్క మొదలుపెట్టేముందు ఆ సంగతి చెప్పాను.