నడుం వంచిన మనిషి

పైనుంచి చూస్తే మా ఊరికి చప్పుడు లేదు. మొదటిరోజు నన్ను ఆశ్చర్యపరిచింది అదే. మా ఊళ్లో ఎవరో ఒకరు ఎవరినో ఒకరిని కేకేయని క్షణం ఉండదు. తెరమీద మాత్రం ఎర్రటి చేలు, సన్నటి బాటలు, గట్లమీద తుమ్మచెట్ల నీడలు, అన్నీ నిద్రలో నడుస్తున్నట్టు మెల్లగా జరిగిపోయేవి. పుట్టి పెరిగిన చోటును అంత ఎత్తునుంచి చూస్తుంటే ఎవరో కన్న కలలోకి నేను అడుగుపెట్టినట్టుండేది.

వనపర్తిలో ఒక విత్తనాల దుకాణం పైన మా ఆఫీసు. మిలిటరీ కోసం డ్రోన్లు తయారుచేసే కొత్త కంపెనీ అది. డ్రోన్లు వేరేచోట తయారయ్యేవి. మా గదిలో పదిమందిమి కూర్చుని వాటికి చూపు నేర్పేవాళ్లం. డ్రోన్ తీసిన వీడియో తెరమీదకు వస్తుంది. అందులో కనబడిన ప్రతి ఆకారం చుట్టూ మిషన్ తనకు తోచినట్టు ఒక పెట్టె గీసి పేరు పెడుతుంది: మనిషి, పశువు, బండి. సరిగ్గా ఉంటే టిక్ కొట్టాలి, తప్పుంటే దిద్దాలి. డిగ్రీ అయ్యాక రెండేళ్లు ఇంట్లో ఖాళీగా కూర్చున్న నాకు అది పని అనిపించలేదు. చిన్నప్పటినుంచీ పగటికలలు కనే అలవాటు నాది. సోయి లేని పిల్లనని అమ్మ తిట్టేది. ఏసీ గదిలో కూర్చోబెట్టి కలలు చూడమంటున్నారని అమ్మతో గొప్పలు పోయాను.

పెబ్బేరు సంత వీడియో వచ్చిన రోజు గదంతా ఒకటే నవ్వులు. కింద తెల్లటి ఎడ్ల వీపులు బియ్యం చల్లినట్టు పరుచుకుని ఉన్నాయి. తువ్వాల కింద చేతులు కలిపి వేళ్లతో బేరమాడుతున్న ఇద్దరిని మిషన్ ఒక్క మనిషే అనుకుంది. తలలు రెండున్నాయి కదే పిచ్చిదానా అని నేను తెరతోనే మాట్లాడుతూ దిద్దాను. పక్క కుర్చీ అమ్మాయి నన్ను చూసి, ఇక మిషన్‌కు అన్నం కూడా తినిపించు అంది.

చేరిన రెండో నెలలో ఒకరోజు పొద్దున్నే కొత్త ఫైలు తెరిచాను. అది ఒక పల్లి చేను. ఎనిమిది ఆకారాలు వరుసగా కదులుతున్నాయి. మిషన్ ఎనిమిది పెట్టెలు గీసి, ఎనిమిదింటికీ పశువు అని పేరు పెట్టింది. చేలో గొడ్లు పడి మేస్తుంటే కాపోళ్లు ఎక్కడికి పోయారో అనుకుంటూ నేను టిక్ కొట్టుకుంటూ పోయాను. ఎనిమిదీ అయిపోయాయి. తరువాతి దానికి పోబోతుండగా ఆ కొసన ఉన్న గొడ్డు లేచి నిలబడింది.

ఎడమచేయి నడుం మీద వేసుకుని, కుడికాలు రెండుసార్లు విదిలించింది. కొంగుతో మొహం తుడుచుకుంది. అంత ఎత్తునుంచి మొహం కనబడదు. కానీ ఆ కాలు విదిలింపు నాకు తెలుసు. ముప్ఫై ఏళ్లుగా కలుపు తీసి మోకాలు పట్టేసినప్పుడల్లా మా అమ్మ అలాగే విదిలిస్తుంది.

మిషన్‌కు తెలియదు, సరే. నాకేమైంది? అమ్మ వీపు ఎక్కి ఆడుకున్నదాన్ని, ఆ వీపునే చూసి పశువు అని టిక్ కొట్టాను. సిగ్గుతో మొహం ఎత్తలేకపోయాను. ఆ సిగ్గు కాసేపటికి కోపమైంది. పాత ఫైళ్లన్నీ ముందేసుకుని తిరగేశాను. గద్వాల దగ్గర కృష్ణ ఒడ్డున నాట్లు వేసే ఆడవాళ్లు పశువులే. అచ్చంపేట అడవి అంచున ఇప్పపూలు ఏరుకునే చెంచు ఆడవాళ్లూ పశువులే. కొన్ని మా గదివాళ్లు దిద్దారు, చాలావరకు నాలాగే టిక్ కొట్టేశారు.

విసవిసా పెద్దసారు దగ్గరికి పోయాను. ఆయన మా కంపెనీ పెట్టిన ఇంజనీరు. నాగర్‌కర్నూల్ దిక్కు మనిషి, మా మాటే మాట్లాడతాడు. మా అమ్మను గొడ్డంటుంది సార్ మీ మిషన్ అన్నాను. ఆయన వీడియోను ముందుకూ వెనక్కూ రెండుమూడుసార్లు తిప్పి చూసి, కళ్లజోడు తీసి బల్లమీద పెట్టాడు.

“మనం దానికి నిలవడ్డోన్ని చూపించినం, ఉరికేటోన్ని చూపించినం, బోర్ల పండుకున్నోన్ని చూపించినం. వంగినోన్ని చూపియ్యలే” అన్నాడు.

పాలమూరు సగం నడుం వంచే బతుకుతుంది సార్ అన్నాను. అయితే పోయి చూపియ్యమని ఆ పని నాకే అప్పజెప్పాడు. ఆ రోజు బస్సులో ఇంటికి పోతూ ఏదో గెలిచినట్టు కిటికీకి తల ఆనించి నవ్వుకున్నాను. మా అమ్మను మనిషిని చేసే బాధ్యత నాది.

అనుమతి కాగితాలన్నీ తెచ్చుకుని, ఊరివాళ్లకు చెప్పి, డ్రోన్ నడిపే ఇద్దరితో కలిసి అదే చేను దగ్గరికి పోయాం. అది మేము కౌలుకు చేసే చేనే. వీడియో తీస్తారని తెలిసి, కలుపుకొచ్చిన ఆడవాళ్లంతా పెళ్లిళ్లకు కట్టే చీరలు కట్టుకొచ్చారు. తలల్లో కనకాంబరాలు కూడా పెట్టుకున్నారు. డ్రోన్ పైకి లేవగానే ఎనిమిదిమందీ చేతులు కిందికి చాచి, గడ్డాలు ఎత్తి నిటారుగా నిలబడ్డారు. వంగండమ్మా అని నేను బతిమాలాను. ఫోటో దిగేటప్పుడు ఎవరన్నా వంగుతారా అని ఒకామె నన్నే కోప్పడింది. బతుకంతా వంగినవాళ్లు, వంగినందుకే నేను వస్తే, రెండు గంటలపాటు కర్రల్లా నిలబడ్డారు. చివరికి అమ్మ అందరినీ అదిలించి సాళ్లలోకి దింపింది.

నేను వేపచెట్టు కింద ట్యాబ్ పట్టుకుని కూర్చున్నాను. డ్రోన్ నీడ అరచేయంత ఉంది. అది సాలు వెంట మెల్లగా వచ్చి అమ్మ వీపు మీదికెక్కి, ఒక్క క్షణం ఆగినట్టు ఆగి, అవతలికి దిగిపోయింది. అమ్మకు ఆ సంగతే తెలియదు. గాలికి పల్లి ఆకులు తెల్లబడుతూ పచ్చబడుతూ ఉన్నాయి. నాకు నిద్ర లాంటిదేదో కమ్మింది.

ఆ తరువాత రెండు నెలలు నేను చేసిందంతా ఒకటే పని. వంగిన అమ్మ చుట్టూ పెట్టె గీయడం, మనిషి అని రాయడం. ఎన్నిసార్లు రాశానో చెప్పలేను. రోడ్డుమీద పోతుంటే కండక్టరు చుట్టూ, గంపనెత్తుకున్న ఆమె చుట్టూ ఆకుపచ్చ పెట్టెలు కనిపించేవి. రెప్పవేస్తే పోయేవి, తెరిస్తే వచ్చేవి.

మిషన్ నేర్చుకుంది. ఆఖరి పరీక్షకు మళ్లీ అదే చేనుకు వచ్చాం. ఎనిమిది వీపులు, ఎనిమిది పెట్టెలు, ఎనిమిదీ మనుషులు. నేను చిన్నపిల్లలా చప్పట్లు కొట్టాను. మధ్యాహ్నం జొన్నరొట్టె తింటూ అమ్మకు ఆ మాట చెప్పాను. ఆమె కూడా సంబరపడింది. నమిలేది ఆపి, గుర్తుపట్టి అదేం చేస్తుందని అడిగింది.

నేను మంచి సగం చెప్పాను. మంచుకొండల్లో తప్పిపోయిన జవాన్లను పైనుంచి వెతికి పట్టుకుంటుందని. అది అబద్ధం కాదు, పెద్దసారు మాకు చెప్పిన మాటే. అమ్మ తలూపింది. ఇంకో ముక్క తుంచుకుంది.

“దొరికినోడు మనోడు గాకపోతే?” అంది.

పైన అధికారులుంటారని, వాళ్లు చూసి తేలుస్తారని ఏదో చెప్పాను. చెబుతూ రొట్టెకేసి చూస్తున్నాను.

“గొడ్డయితే?”

“గొడ్డును పట్టించుకోదమ్మా. ఇడ్సిపెట్టి పోతది.”

అమ్మ నవ్వింది. కోపం లేదు, ఎత్తిపొడుపూ లేదు. నా తలమీద చేయి వేసింది.

“గట్లయితే నన్ను గొడ్లల్లనే ఉండనియ్యకపోతివి బిడ్డా.”

చెంబులో నీళ్లతో చేయి కడుక్కుని, తలగుడ్డ బిగించుకుని సాలులోకి పోయింది. ఆఖరి వీడియో కోసం డ్రోన్ మళ్లీ లేచింది. నేను ట్యాబ్ ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాను. ఈ ఒక్కసారి మిషన్ తప్పు చేస్తే బాగుండునని మొదటిసారి అనిపించింది. ఆమె చుట్టూ పెట్టె వచ్చింది. మనిషి అని రాసింది. ఆమె వేపచెట్టు నీడలోకి వచ్చి కనబడకుండా పోయినప్పుడు నాకు హాయిగా అనిపించింది. నీడ దాటి ఎండలోకి రాగానే పెట్టె ఆమెను మళ్లీ పట్టుకుంది.

సాలు కొసన అమ్మ లేచి నిలబడి కాలు విదిలించింది. మళ్లీ వంగింది. పెట్టె ఆమెతో పాటే లేచి, ఆమెతో పాటే వంగింది. నేను చాలాసేపు చూశాను. దిద్దడానికి అందులో ఒక్క తప్పూ లేదు. టిక్ కొట్టాను.