పదకొండు రోజులకు జవాబు

నోటరీ బల్ల మీద ముద్ర ధన్‌మని పడితే, ఆ కాగితంలో రాసింది నిజమేనా అని ఇప్పటికీ అనుకుంటాను. నిన్న ఎవరిదో అఫిడవిట్ మీద ఆ చప్పుడు వినగానే సుగుణ మేడం గుర్తొచ్చారు. రెండు వేల సంవత్సరం దాటిన కొత్తలో అనకాపల్లి కోర్టులో ఆవిడ పేరున్న సివిల్ లాయరు, నేను ఆవిడ జూనియర్ని. ఆదివారం చర్చిలో ఎంత మెత్తగా పాడేవారో, సోమవారం ఆఫీసులో అంత ఖచ్చితంగా ఉండేవారు. ఆవిడంటే నాకు భక్తి కన్నా భయమే ఎక్కువ.

తప్పు నాది. దేవరాపల్లి దగ్గరి రైతు అప్పలనాయుడు చెరుకు చేను మీద పెదనాన్న కొడుకుతో దావా నడిపి కింది కోర్టులో ఓడిపోయాడు. అప్పీలుకు ముప్పై రోజుల గడువు. తీర్పు నకలు తెచ్చింది నేనే, దాన్ని వేరే కేసు కట్టలో కలిపేసి బీరువాలో పడేసిందీ నేనే. కళ్లబడేసరికి గడువు దాటి పదకొండు రోజులు. పై కోర్టు ఆ ఆలస్యాన్ని మన్నిస్తేనే అప్పీలు. లేకపోతే తీర్పు అమలుచేసే కోర్టు అమీనా వచ్చి చేను అవతలివాళ్లకు అప్పజెప్పేస్తాడు. ఆయనకున్నది ఆ ఒక్క చేనే.

మేడంతో చెప్పే ధైర్యం లేక అందరూ రాసేదే నేనూ రాశాను. క్లయింటు కామెర్లతో మంచం పట్టాడు, అందుకే ఆలస్యం అని. మా అఫిడవిట్లలో ఉన్నన్ని కామెర్లు పెద్దాసుపత్రిలో కూడా ఉండవు. సంతకానికి వచ్చిన అప్పలనాయుడు నాచేత కాగితం చదివించుకున్నాడు.

"నాకు జొరమైనా రాలేదమ్మా. అన్నాళ్లూ సెరుకు నరికేను. మా పెదనాన కొడుకు గట్టు మీంచి సూత్తానే ఉన్నాడు. ఇదేటి, ఇలాగ రాసేరు?"

తల తిప్పితే వెనక గుమ్మంలో మేడం నిలబడి ఉన్నారు. కాగితం తీసుకుని చదివి, ఏం జరిగిందని అడిగారు. చెప్పాను.

"తప్పు మనం చేసి జబ్బు ఆయనకి అంటగడతావా?" అన్నారు. తిట్టినా బాగుండేది. జరిగిందంతా అప్పలనాయుడికి నాచేతే చెప్పించారు. ఆయన బీరువా వంక చూస్తూ విన్నాడు. తర్వాత మేడం గోడ మీది క్యాలెండర్ దించి నా ముందు పెట్టారు. "ఆలస్యమైన ప్రతి రోజుకీ జవాబు రాయి. అఫిడవిట్ నీ పేరు మీదే."

వాయిదా రోజున అవతలి లాయరు, వకీలు నిర్లక్ష్యం మన్నించదగ్గ కారణం కాదని గట్టిగా వాదించాడు. జడ్జిగారు నన్ను లేవమన్నారు.

"ఆరో రోజున ఏం చేశారు?"

"ఏమీ చెయ్యలేదు సార్. కట్ట బీరువాలోనే ఉంది. నాకు గుర్తే లేదు."

ఎవరో కిసుక్కున నవ్వారు. నా ప్రాక్టీసు గంగలో కలిసిందనుకున్నాను. మేడం తల తిప్పలేదు. ఆర్డరు వారానికి వాయిదా పడింది. ఆ వారమంతా పట్టపగలే అమీనా చేలో దిగుతున్నట్టు కనిపించేది. చివరికి క్లయింటు తప్పేమీ లేదని, లాయరు ఏదీ దాచలేదని ఆలస్యాన్ని మన్నించారు. కోర్టు వరండాలోనే ఏడ్చేశాను.

మర్నాడు అప్పలనాయుడు వచ్చాడు. సంబరంగా కుర్చీ వేశాను. కూర్చోలేదు.

"కాయితాలన్నీ ఇచ్చెయ్యండి మేడంగారూ. యిశాపట్నంలో వేరే లాయర్ని సూసుకున్నాను."

"ఆలస్యం మన్నించారు కదండీ," అన్నాను.

"మీ మీద కోపం లేదమ్మా. బయం. మళ్లీ ఎక్కడో ఎట్టీసి మరిసిపోతారేమోనని."

మేడం లాయరు మార్పుకు అభ్యంతరం లేదని సంతకం చేసి, కట్ట రెండు చేతులతో అందించారు. ఆయన వెళ్లాక నాకు ఉక్రోషం ఆగలేదు. "అంతమందిలో నిలబడి ఒప్పుకున్నాను కదా మేడం," అన్నాను.

"కోర్టు మన్నించింది. ఆయన మన్నించాలని ఏ చట్టంలో ఉంది?" అని ఆవిడ వేరే ఫైలు తెరిచారు.

మేడం ఇప్పుడు లేరు. నా దగ్గర ఇద్దరు జూనియర్లున్నారు. ఆలస్యాన్ని మన్నిస్తూ ఆర్డరు వస్తే వాళ్లు స్వీట్లు తెస్తారు. నేను మాత్రం ముందు క్లయింటు మొహం చూస్తాను, భయం పోయిందా లేదా అని. చాలాసార్లు పోదు.