మనవాళ్ళైన పాపానికి

కొత్తగా వచ్చే ఆఫీసరు తెలుగాయన అని తెలిసిన రోజు, మా సెక్షన్‌లో నన్ను అభినందించని వాళ్ళు లేరు. పక్క సీటు తమిళావిడ అయితే "ఉంగ ఆళు వందాచ్చు" అని నా భుజం తట్టింది. మీవాడొచ్చేశాడు, ఇక నీ ప్రమోషన్ ఖాయం అని ఆవిడ లెక్క.

మేము తాతల కాలం నుంచీ మద్రాసు మైలాపూరులోనే ఉన్నవాళ్ళం. ఆయనది గుంటూరు వైపు. నా తెలుగు ఆయనకు సగమే అర్థమయ్యేది, మిగతా సగానికి నవ్వుకునేవారు. వచ్చిన వారంలోనే గోంగూర ఎక్కడ దొరుకుతుందని అడిగారు.

"ఈడ గోంగూర అంటే ఇయ్యరు సార్. పుళిచ్చ కీరై అని అడగాల" అన్నాను. అంతటితో ఊరుకుంటే పోయేది. మర్నాడు రెండు కట్టలు కొని, రైల్లో ఒళ్ళో పెట్టుకుని తీసుకెళ్ళి, సెక్షనంతా చూస్తుండగా ఆయన టేబుల్ మీద పెట్టాను.

భోజనాల వేళ, ఆయన వింటుండగానే ఎవరో అన్నారు, ఆకుకూరకే ప్రమోషనైతే రేపు నేను మునక్కాడలు తెస్తానని. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. ఆయన నవ్వలేదు. ఆ రోజు నుంచి నాతో ఇంగ్లీషే. వరండాలో ఎదురుపడితే గోడ మీది క్యాలెండరు చూసేవారు. అందరి ఫైళ్ళూ సంతకంతో వెనక్కి వస్తే నావి ప్రశ్నలతో వచ్చేవి. పోనీలే, కొత్త కదా, సర్దుకుంటారులే అనుకున్నాను.

సర్దుకోలేదు. ఏడాది చివర మా పనికి ఆఫీసరు పదికి ఇన్ని అని మార్కులు వేస్తారు. వేసినవి మాకు చూపించాలని రూలు. నాకు ఐదు వచ్చింది. మా కొలతలో ఐదంటే 'మంచి'. ప్రమోషన్‌కు మాత్రం 'చాలా మంచి' కావాలి. వట్టి మంచివాళ్ళు ఎక్కడి వాళ్ళక్కడే.

ఆ ఏడు ఖాళీ అవుతున్న సూపరింటెండెంటు సీటుకు సీనియారిటీ ప్రకారం వంతు నాది. ఈసారి తప్పితే మళ్ళీ ఎప్పటికో. పైగా ఏళ్ళ తరబడి మూలుగుతున్న కుటుంబ పెన్షన్ ఫైళ్ళన్నీ ఆ సంవత్సరమే తేల్చాను. వ్యాసర్పాడి నుంచి వచ్చి, మెట్లెక్కలేక కిందే కూలబడే ముసలమ్మల దగ్గరికి నేనే దిగి వెళ్ళి సంతకాలు పెట్టించుకున్నాను. రెండు కట్టల గోంగూరతో అదంతా కొట్టుకుపోయింది. నాకు ఒళ్ళు మండిపోయింది.

తిన్నగా ఆయన గదిలోకి వెళ్ళాను. "ఈ ఐదు నా పనికా సార్, నా భాషకా?"

ఆయన లేచి తలుపు మూసి, చాలా నెలల తర్వాత తెలుగులో మాట్లాడారు. "ఏం చెయ్యమంటారమ్మా. తాటిచెట్టు కింద పాలు తాగినా కల్లేనంటారు. నలుగురి నోరు మీకు తెలీనిదా?"

"కల్లంటారని భయముంటే మీరు తాగద్దు సార్. నా గ్లాసెందుకు పారబోసినారు?"

"మీకు వేసేటప్పుడు నాకెంత కష్టమనిపించిందో" అని గొణిగారు.

"కష్టం మీకు, నష్టం నాకా సార్?" అన్నాను. ఆయన ఫ్యాను వైపు చూశారు.

పై ఆఫీసరుకు అభ్యంతరం రాసిచ్చాను. అలాంటిది ముందు మార్కులు వేసిన వాళ్ళ దగ్గరికే వస్తుంది, వాళ్ళు తమ మాట రాసి పైకి పంపాలి. తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్ళని రాయని ఆఫీసరును నేను చూడలేదు. ఈయనా అంతేనని ఇంటికెళ్ళి మా ఆయన మీద అరిచాను. పాపం, ఆయన దోసెలు తనే పోసుకుని నాకూ రెండు పోశాడు.

కొన్ని వారాలకు పైనుంచి ఆర్డరు వచ్చింది. ఐదు కాస్తా ఎనిమిదైంది. కింద మా ఆఫీసరు రాసింది కూడా ఎత్తి రాశారు: 'ఆమె పనికి ఎనిమిది రావాలి. ఇద్దరమూ తెలుగువాళ్ళం కనుక పక్షపాతం అంటారని భయపడి తగ్గించాను.' మళ్ళీ చదివాను. కోపమంతా ఎటు పోయిందో, కళ్ళు తడిశాయి. ప్రమోషనొచ్చాక లడ్డూలు పంచుతుంటే పక్క సీటావిడ, చూశావా, మీవాడే ఇప్పించాడు అంది. విడమరిచి చెప్పే ఓపిక లేక ఇంకో లడ్డూ ఇచ్చాను.

మరుసటి ఏడు మా ఆఫీసరు మీద పైవాళ్ళు రాసిన రిపోర్టు ఆయనకు వచ్చింది. 'నిర్ణయాల్లో ధైర్యం తక్కువ' అని రాసి మార్కులు తగ్గించారు. ఆయన ప్రమోషన్ ఆగిపోయింది. ధైర్యం చేసి రాసిన ఒక్క మాటనే పట్టుకుని ధైర్యం లేదన్నారు. నాకు మనసు చివుక్కుమంది.

"మీరూ అభ్యంతరం రాయండి సార్. నేను డ్రాఫ్ట్ చేసిస్తా" అన్నాను.

"వద్దమ్మా" అన్నారాయన. "నాకు వేసింది మాత్రం న్యాయమే."