బోటెక్కాల మామ్మా

పై దీవిలోని డిగ్లీపూర్ నుంచి ఓడ మీద కాలేజీకి వచ్చి, డాలీగంజ్‌లో మా వెనకగదిలో అద్దెకున్న పిల్ల అది. సెలవు దొరికితే చాలు ఊరెళ్లేది. కంచం ముందు పెడితే ఒకటే మాట. "రేపు బోటెక్కాల మామ్మా, తింటే కక్కేస్తాను." సముద్రం పడనివాళ్లం ఇక్కడ ఖాళీ కడుపుతోనే ఓడెక్కుతాం, అందుకే నమ్మాం. ఊరెళ్లి తిరిగొచ్చాక "ఇంకా నేల ఊగుతున్నట్టుంది" అనేది. అదీ నమ్మాం. చిక్కిపోతుంటే పక్కింటావిడ "ఏంటే, హీరోయిన్ అయిపోతున్నావ్!" అని మురిసింది. ఆ పొగడ్తే దానికి భోజనమైంది.

గాలివానకు ఫీనిక్స్ బే రేవులో బోట్లన్నీ ఆగిపోయిన రోజున చేపల పులుసు వడ్డించాను. "బోట్లు బంద్. ఇప్పుడేం సాకు చెప్తావే?" అన్నాను. మెతుకులు కంచం అంచుకు నెడుతూ "లావైపోతాను మామ్మా" అంది. ఎముకలే మిగిలిన పిల్ల! లేవబోయి అక్కడే కూలిపోయింది.

ఆస్పత్రిలో డాక్టరమ్మ నాతో అంది: "ఇది మొండితనం కాదు, జబ్బు. తిండంటే భయం. గుండె బలహీనపడింది. మెల్లగా తినిపిస్తూ మనసుకూ వైద్యం చెయ్యాలి. ఆలస్యమైతే ప్రాణానికే ముప్పు."

మంచం మీద కళ్లు తెరిచిన పిల్ల, తన చేతికి ఎక్కుతున్న సెలైన్ వైపు చూసింది. "దీదీ, దీనివల్ల బరువు పెరుగుతానా?" అని నర్సును అడిగింది. నర్సు నవ్వింది. పిల్ల నవ్వలేదు. దాని రెండో చెయ్యి మెల్లగా సూది వైపు కదులుతోంది.